నూట పదకొండో రోజున వేసిన అప్పీలు

నా పుస్తకంలో లెక్క ఉంది. నలభై ఒక్క ఏళ్ల టాక్సు ప్రాక్టీసులో, గడువు దాటాక నేను వేసిన అప్పీళ్లు ముప్ఫై ఎనిమిది. అలా వేసినప్పుడు ఆలస్యాన్ని మన్నించమని ఇంకో అర్జీ జత చేయాలి. మా వాడుకలో దాన్ని డిలే పిటిషన్ అంటాం. ఎందుకు ఆలస్యమైందో అందులో చెప్పుకోవాలి. నా ముప్ఫై ఎనిమిది పిటిషన్లలో ఇరవై మూడింట్లో కారణం పచ్చకామెర్లు. తొమ్మిదింట్లో టైఫాయిడ్. నాలుగింట్లో ఇంట్లో చావు. ఆ నలుగురిలో ఇద్దరు నిజంగానే పోయారు. ఒకదాంట్లో నడుము విరిగింది, అది నిజం. ముప్ఫై ఎనిమిదో దాంట్లో జరిగింది జరిగినట్టు రాశాను, నా తప్పుతో సహా.

మొదటి ముప్ఫై ఏడింటిలో ముప్ఫై ఆరు మన్నించారు. నడుము విరిగినాయనది మన్నించే అధికారమే లేక తోసేశారు. ముప్ఫై ఎనిమిదో దాన్ని, అధికారం చేతిలో ఉంచుకుని, ఒక్క వాక్యంతో తోసేశారు.

ఈ వృత్తిలోకి కొత్తగా వస్తున్న పిల్లలకు నేను చెప్పదలుచుకున్నదంతా ఆ వాక్యం చుట్టూనే ఉంది. రిటర్నులు నింపడం మీకు నాకంటే బాగా వచ్చు. పోర్టల్లో మీ వేళ్లు పరిగెత్తినట్టు నావి పరిగెత్తవు. కానీ ఒక మనిషి ఎందుకు ఆలస్యంగా వచ్చాడో వినడం, విన్నది రాయడం మాత్రం ఏ కంప్యూటరూ నేర్పదు. నేనూ ఆలస్యంగానే నేర్చుకున్నాను.

కవరు పారేయొద్దు

నరసరావుపేటలో నేను రంగారావు గారి దగ్గర జూనియర్‌గా చేరినప్పుడు ఆయన మొదటిరోజు ఇచ్చింది చట్టం పుస్తకం కాదు, గుండుసూదుల డబ్బా. "ఆర్డరు వస్తే దాని కవరు పారేయొద్దమ్మా. ఆర్డరుకి గుచ్చి పెట్టు. ఆర్డరు మీద ఉన్న తేదీ వాళ్లది. కవరు చేతికొచ్చిన తేదీ మనది" అన్నారు. అప్పట్లో అప్పీలుకు గడువు ముప్ఫై రోజులు. ఆ ముప్ఫై రోజులూ కాగితం అందిన రోజు నుంచే లెక్క.

అందుకోవడంలోనూ మా వైపు షావుకార్లకు ఒక పద్ధతి ఉండేది. అమావాస్య నాడు సర్కారు కాగితం ముట్టేవాళ్లు కాదు. వినుకొండలో ఒక నూనె మిల్లు దగ్గర నేను కళ్లారా చూశాను. ఆఫీసు నుంచి నోటీసు పట్టుకుని బంట్రోతు వచ్చాడు. షావుకారు గల్లాపెట్టె దగ్గర నుంచి లేవకుండానే చెయ్యి అడ్డంగా ఊపాడు.

"ఇయ్యాల అమావాస్య. రేపు రా అబ్బాయ్."

"రేపు నాకు సెలవండీ."

"అయితే ఎల్లుండి రా. నీదేం పోయింది, తొక్కేది సైకిలేగా."

"తొక్కేది కాళ్లండీ షావుకారూ, మీకేం తెలుసుద్ది" అని గొణుక్కుంటూనే ఆ బంట్రోతు కాగితం సంచిలో పెట్టుకుని వెళ్లిపోయాడు. ఎల్లుండి వచ్చి సంతకం తీసుకున్నాడు. గడువు ఎల్లుండి నుంచే మొదలైంది. అది చట్టానికి నచ్చే పద్ధతి కాదు. కానీ ఒక మనిషి ఇంకో మనిషి ముఖం చూసి కాగితం ఇచ్చాడు. ఆయన పుచ్చుకున్నాడా లేదా అన్నది ఇద్దరికీ తెలుసు. ఇవాళ కాగితం ఇచ్చేవాడు లేడు. పుచ్చుకునేవాడు ఉన్నాడో లేడో ఎవరూ చూడరు. పోర్టల్లో పెట్టిన క్షణమే అందినట్టు లెక్క. కవరు లేదు కాబట్టి గుండుసూదీ లేదు.

కామెర్ల సర్టిఫికెట్టు

రంగారావు గారు నేర్పిన మంచి కవరు గురించి. నేర్పిన చెడు కామెర్ల గురించి.

నేను రాసిన తొలి డిలే పిటిషన్లో, "షావుకారు తిరుపతి వెళ్లి, అక్కడి నుంచి తమ్ముడి ఊరు వెళ్లి, ఆర్డరు సంగతి మరిచిపోయాడు" అని ఉన్నదున్నట్టు రాశాను. ఆయన చదివి కళ్లజోడు తీసేశారు.

"ఏందమ్మా ఇది? మరిచిపోయాడని రాస్తారా ఎవరన్నా? కామెర్లు రాయి."

"ఆయనకి కామెర్లు రాలేదు గదండీ."

"ఆర్డరు చదివితే వస్తయ్యిలే."

ఆఫీసంతా నవ్వింది. నేనూ నవ్వాను. కామెర్లే ఎందుకంటే దానికి నెల రోజుల విశ్రాంతి కావాలి, కదలకూడదు, తర్వాత ఒంటి మీద గుర్తు మిగలదు. సర్టిఫికెట్టు రాసే డాక్టరు ప్రతి ఊళ్లోనూ ఉండేవాడు. అధికారికీ తెలుసు, రాసిన నాకూ తెలుసు, సంతకం పెట్టిన షావుకారుకీ తెలుసు. ముగ్గురం తెలిసి ఆడిన ఆటలో పచ్చబడ్డది కాగితం ఒక్కటే. ఆ ఇరవై మూడు కామెర్లలో అసలు కామెర్లు ఒక్కటీ లేవు. గొప్పకు చెప్పడం లేదు. సిగ్గుపడాల్సిన లెక్క కాబట్టే రాసిపెట్టుకున్నాను.

దీనివల్ల ఎవరికి నష్టమని చాలా ఏళ్లు అనుకున్నాను. ఆ జవాబు రావడానికి ముప్ఫై ఎనిమిదో పిటిషన్ దాకా పట్టింది. అబద్ధాన్ని అలవాటుగా మన్నించే చోట నిజాన్ని చదివే అలవాటు పోతుంది. ఆ అలవాటు పోగొట్టిన వాళ్లలో నేనూ ఉన్నాను.

నంబరు నాది

ఇక నా తప్పు.

జీఎస్టీ వచ్చినప్పుడు అందరూ ఒక్కసారిగా రిజిస్ట్రేషన్లకు ఎగబడ్డారు. ప్రతి దరఖాస్తులోనూ వ్యాపారి ఫోన్ నంబరు ఇవ్వాలి. ఆ నంబరుకే ఓటీపీలు, నోటీసుల కబుర్లు వస్తాయి. మా పల్నాడు వ్యాపారులు ఒకే మాట చెప్పారు: "మీ నంబరే ఇయ్యండమ్మా. మాకు ఆ ఓటీపీలు ఏం తెలుసుద్ది. దుకాణంలో ఉన్నప్పుడు ఫోను మోగితే చికాకు." నాకూ అదే సులువు. రిటర్ను వేసేటప్పుడల్లా వాళ్లకు ఫోన్ చేసి అంకెలు అడిగే పని తప్పుతుంది. నేనొక్కదాన్నే కాదు, ఇక్కడి ప్రాక్టీషనర్లందరం అదే చేశాం. మా ఆఫీసు నంబరు అరవై ఒక్క మంది వ్యాపారుల నంబరైంది.

మోకాళ్లు అరిగి, కళ్లు మసకబారి మార్చి నెలాఖరున ఆఫీసు మూసేశాను. ఫైళ్లు ముగ్గురికి పంచాను. ఆఫీసు సిమ్ముకు డబ్బులు వేయడం మానేశాను. ఆ సిమ్ము ఇంకా ఎన్ని ఫైళ్లకు తాళం చెవో లెక్క చూడలేదు. నలభై ఒక్క ఏళ్లు ప్రతి కవరూ గుచ్చిపెట్టిన దాన్ని, ఆ ఒక్క లెక్క చూడలేదు.

కదలని లారీ

ఫిబ్రవరి పదకొండు పొద్దున నూర్జహాన్ ఫోన్ చేసింది. మాచర్ల దగ్గర ఆమెకు నాపరాళ్లు కోసి పాలిష్ పట్టే చిన్న యూనిట్ ఉంది. స్థలం పుట్టింటిది కావడంతో మొదటి నుంచీ వ్యాపారం ఆమె పేరునే. భర్త పోయాక కూడా ఎనిమిది మంది పనివాళ్లతో నడుపుకొస్తోంది. ఎప్పుడూ ట్రాక్టరు లోడ్లే అమ్మేది; అంత చిన్న సరుక్కు వేబిల్లు, అంటే సరుకు కదలాలంటే పోర్టల్లో తీయాల్సిన రవాణా బిల్లు, అక్కర్లేదు. ఆ ఏడాది మొదటిసారి నెల్లూరు వైపు కట్టే కాలేజీ బిల్డింగుకు రాళ్లు కావాలని కాంట్రాక్టరు లారీ పంపాడు. మొత్తం పదహారు లోడ్లు. అది నిలబడితే యూనిట్‌కు రెండో మిషను వస్తుంది.

"లాయరమ్మా, లారీ కదలట్లా. వేబిల్లు రావట్లా. నా నంబరు చచ్చిపోయిందంట కంప్యూటర్లో."

"చచ్చిపోవడమేందే?"

"రద్దంటమ్మా. నవంబరు ఆరునే రద్దంట. నేను బతికే ఉన్నా గదా, ఎవరు రద్దు జేసింది?"

ఆమె ఫైలు నేను మాచర్లలో శ్రీను అనే ప్రాక్టీషనర్‌కు ఇచ్చాను. వెంటనే అతనికి ఫోన్ చేశాను. నీళ్లు నమిలాడు. ఏప్రిల్ నుంచి ఆమె ప్రతి నెలా బిల్లులు తెచ్చిచ్చింది. అతను రిటర్ను తయారు చేశాడు. చివర ఓటీపీ నా పాత నంబరుకు పోయింది. ఆ నంబరు పనిచేయదు. రిటర్ను పడలేదు. ఆమెకు మాత్రం "అయిపోద్ది అక్కా" అని చెబుతూ వచ్చాడు.

"నాకు ఒక్క ఫోను చెయ్యకపోయావా శ్రీనూ?"

"మీరు పెద్దోళ్లు, రిటైరయ్యారు. ఇబ్బంది పెట్టటం ఎందుకని..."

మర్యాద అంత పని చేసింది. ఆరు నెలల రిటర్నులు లేవని అక్టోబరులో పోర్టల్లో నోటీసు పెట్టారు. జవాబు లేదని నవంబరు ఆరున రిజిస్ట్రేషన్ రద్దు చేశారు. ఆ కబుర్లన్నీ నా పాత నంబరుకే పోయాయి.

లెక్క వేశాను. నవంబరు ఆరు నుంచి ఆమెకు తెలిసిన రోజు తొంభై ఏడోది. రద్దును వెనక్కి తీసుకోమనే దరఖాస్తుకు తొంభై రోజులు, దాటిపోయింది. ఆ గడువు పొడిగించమని తర్వాత పెట్టిన అర్జీకి జవాబే రాలేదు. అప్పీలుకు మూడు నెలలు. ఫిబ్రవరి ఆరుతో సరి. మిగిలింది ఒక్కటే దారి. తగిన కారణం చూపిస్తే ఇంకో నెల వరకు ఆలస్యాన్ని మన్నించవచ్చని చట్టం అప్పీలు అధికారికి అధికారం ఇచ్చింది. ఆ నెల మార్చి ఆరుతో అయిపోతుంది.

మేకల సుబ్బయ్య

మర్నాడు నా పాత నంబరుకు నేనే ఫోన్ చేశాను. మోగింది. ఎవరో ఎత్తారు. వెనక మేకల అరుపులు.

"ఎవురు?"

"నాయనా, ఈ నంబరు ఎప్పటి నుంచి నీ దగ్గరుంది?"

"ఏందమ్మా, బ్యాంకోళ్లా? నా కాడ ఏం లేదు, మేకలున్నయ్యి."

"బ్యాంకు కాదు. ఇది పోయినేడు దాకా నా నంబరు."

"ఓర్నీ! ఆ టాక్సు మెసేజులు మీయ్యా? నన్ను ఎవరో జైల్లో ఏస్తారని మా ఆడది రోజూ నా పానం తీస్తంది. నాకు చదవను రాదు పెద్దమ్మా. వచ్చింది వచ్చినట్టు డిలీట్ కొడతన్నా."

ఆయన వినుకొండలో మేకలు కొని అమ్మే సుబ్బయ్య. నా సిమ్ము ఆగిపోయాక కంపెనీ వాళ్లు ఆ నంబరును ఆగస్టులో ఆయనకు ఇచ్చారు. నేను వినుకొండ వెళ్లి, ఆయన చెప్పింది అఫిడవిట్‌గా రాయించాను. నోటరీ ముందు సంతకం పెడుతూ, "మేకలు అని కూడా రాశారా?" అని అడిగాడు. రాశానన్నాను. "ఎందుకు, నవ్వుతారు" అన్నాడు. నిజమే చెప్పాడు.

సుబ్బయ్యకు ఫోన్ చేసిన రోజే, అంటే ఫిబ్రవరి పన్నెండునే, నూర్జహాన్ నంబరు మార్చమని ఆఫీసులో దరఖాస్తు పెట్టాం. నంబరు మారితే తప్ప పోర్టల్లో అప్పీలు వేయలేం. మార్చి ఇచ్చింది ఇరవై ఒకటిన. తొమ్మిది రోజులు. పందొమ్మిది రోజుల ఆలస్యంలో సగం దగ్గర దగ్గర ఆఫీసుదే. కానీ ఆఫీసు ఆలస్యానికి కామెర్ల సర్టిఫికెట్టు ఎవరూ అడగరు.

ఫిబ్రవరి ఇరవై ఐదున అప్పీలు వేశాం. నూట పదకొండో రోజు. మూడు నెలల గడువు మీద పందొమ్మిది రోజులు ఆలస్యం. మన్నించగల నెలలో ఇంకా తొమ్మిది రోజులు మిగిలే ఉన్నాయి.

డిలే పిటిషన్ రాయడానికి కూర్చున్నప్పుడు చెయ్యి అలవాటుగా కామెర్ల వైపే పోయింది. అబద్ధమాడను. రెండు నిమిషాలు ఆలోచించాను. కానీ ఆ పిటిషన్లో కామెర్లు రాస్తే రోగం నూర్జహాన్‌కు వస్తుంది, తప్పు నాది మాయమవుతుంది. ఇన్నాళ్లూ షావుకార్ల మతిమరుపును కప్పడానికి వాడిన దుప్పటి ఇప్పుడు నా మీద నేనే కప్పుకోవాలి. ఆ పని చేయలేదు. సిమ్ము ఎప్పుడు ఆపానో, ఎవరికి పోయిందో, నంబరు మార్చడానికి ఎన్ని రోజులు పట్టిందో తేదీలతో సహా రాసి, సుబ్బయ్య అఫిడవిట్ జత చేశాను.

ఒక్క వాక్యం

విచారణ రోజున ఆ కార్యాలయంలోని గుమాస్తా వసారాలోనే పట్టుకున్నాడు. "ఏంటమ్మా, మీ అంతటోళ్లు మేకలు గీకలు రాశారు? ఒక డాక్టరు కాగితం పెట్టేస్తే పోయేదిగా?" అన్నాడు. చెడ్డవాడు కాదు. మంచి సలహా అనుకునే చెప్పాడు.

లోపల అధికారి పిటిషన్ మొదటి పేజీ తిప్పాడు. రెండోది తిప్పలేదు.

"ఫోన్ నంబరు సరిగా ఉంచుకోవడం టాక్సు కట్టేవాళ్ల బాధ్యత మేడమ్."

"నిజమేనండీ. బాధ్యత తప్పింది కాబట్టే మన్నించమని అడుగుతున్నాం. తప్పకపోతే ఈ పిటిషనే అక్కర్లేదు కదా."

ఆయన నవ్వాడు. నూర్జహాన్ నా పక్కనే నిలబడి ఉంది. "సార్, మా పిల్లలు ఎనిమిది మంది పని లేక కూర్చున్నారు" అంది. పనివాళ్లను ఆమె పిల్లలనే అంటుంది. "చూస్తామమ్మా" అన్నాడు.

ఏప్రిల్ తొమ్మిదిన ఆర్డరు వచ్చింది. ఒకటిన్నర పేజీల్లో పేర్లు, నంబర్లు, సెక్షన్లు. మా గురించి ఉన్నది ఒకే వాక్యం: ఆలస్యానికి చూపిన కారణం తృప్తికరంగా లేనందున అప్పీలు తిరస్కరించడమైనది.

ఎందుకు తృప్తికరంగా లేదో లేదు. సుబ్బయ్య పేరు లేదు. తొమ్మిది రోజులు ఆఫీసు తీసుకున్న సంగతి లేదు. పందొమ్మిది రోజులు అన్న అంకె కూడా లేదు. నా పాత ఫైళ్లు తీసి చూశాను. అదే కార్యాలయం ఒకప్పుడు ఇరవై ఎనిమిది రోజుల ఆలస్యాన్ని, ఎప్పుడూ రాని కామెర్లకు, మూడు లైన్లలో మన్నించింది. ఆ ఫైలును ఈ ఆర్డరు పక్కన పెట్టాను. ఎవరి మీద ఎక్కువ కోపమో తేల్చుకోలేకపోయాను.

తలుపు వేరు, గోడ వేరు

కొత్తవాళ్లు ఇక్కడ ఒక తేడా పట్టుకోవాలి. తిరస్కరణలన్నీ ఒకటి కావు.

నడుము విరిగినాయన అచ్చంపేట పత్తి వ్యాపారి. బోరేల మీది నుంచి జారిపడి నాలుగు నెలలు మంచం దిగలేదు. ఆయన అప్పీలు వేసింది నూట ముప్ఫై ఒకటో రోజున. మూడు నెలలూ పోయాయి, ఆపైన మన్నించగల నెలా పోయింది. అప్పీలు అధికారి, నూర్జహాన్ కేసు చూసినాయన కాదు, ఇంకొకరు, కుర్చీలోంచి ముందుకు వంగి, "అమ్మా, మీ కారణం నమ్ముతున్నాను. నాకు అధికారం లేదు" అన్నాడు. అదే రాసిచ్చాడు. హైకోర్టుకు వెళితే రిట్టు కొట్టేశారు. అలాంటి కేసుల్లో కోర్టు ఒక్కోసారి అసలు ఆర్డరులో లోపం చూసి ఆదుకుంటుంది, ఒక్కోసారి చట్టం గీసిన గీత తాము చెరపలేమంటుంది. బాధపడ్డాను, కోపం రాలేదు. అది గోడ. గోడను తిట్టి లాభం లేదు.

నూర్జహాన్‌ది గోడ కాదు, తలుపు. తాళం చెవి అధికారి జేబులో ఉంది. తలుపు తియ్యాలా వద్దా అన్నది ఆయన ఇష్టం, నిజమే. కానీ ఇష్టం అంటే బుద్ధి పుట్టినట్టు అని కాదు. కారణం చదవాలి, తూచాలి, ఎందుకు చాలదో రాయాలి. తాళం వేసినవాడు ఎందుకు వేశాడో చెప్పకపోతే, అప్పుడు కోర్టు అడగవచ్చు. రిట్టులో మనం అడగాల్సింది "నా ఆలస్యాన్ని మీరు మన్నించండి" అని కాదు. "మన్నించే అధికారం ఉన్నాయన నా కారణం చదివాడా?" అని. ఈ రెండు ప్రశ్నలకు మధ్య తేడా తెలియక చాలామంది మంచి కేసులు పోగొట్టారు.

నిర్లక్ష్యం అన్న మాట

హైకోర్టులో కేసు వేసింది సునీత. సత్తెనపల్లి అమ్మాయి, నాకంటే ముప్ఫై ఏళ్లు చిన్న, నాకంటే రెండింతలు ఓపిక. నేను వేయబోయే అఫిడవిట్ చదివి ఫోన్ చేసింది.

"పిన్నిగారూ, 'నా నిర్లక్ష్యం వల్ల' అని రాశారు. 'పొరపాటు వల్ల' అని మార్చనా?"

"మార్చొద్దు."

"రేపు శ్రీను లాంటోళ్లంతా ఇది చూపించి నవ్వుతారండీ. మీ నలభై ఏళ్ల పేరు."

"నలభై ఒకటి. సిమ్ము ఆపేటప్పుడు ఎన్ని ఫైళ్లలో ఆ నంబరుందో చూడాల్సింది. చూడలేదు. దాన్ని నిర్లక్ష్యమనే అంటారు. నా తప్పుకు నూర్జహాన్‌కు శిక్ష పడుతోందని కోర్టుకు తెలియాలంటే, తప్పు నాదని నేనే రాయాలి కదే."

ఆ అమ్మాయి మార్చలేదు.

జులై పదిహేడున కేసు విచారణకు వచ్చింది. నేనూ నూర్జహాన్ వెనక బెంచీలో కూర్చున్నాం. ప్రభుత్వం తరఫు లాయరు లేచి, మన్నించాలా వద్దా అన్నది అధికారి విచక్షణ, అందులో కోర్టు జోక్యం చేసుకోకూడదు అన్నాడు. జడ్జి గారు ఆ విచక్షణ ఎక్కడ రాసి ఉందో చదవమన్నారు. ఆయన ఆ ఒక్క వాక్యం చదివాడు. జడ్జి గారు తల అడ్డంగా ఊపారు.

"ఇది తీర్పు. కారణం చదవండి."

కాగితాలు తిరిగాయి. మళ్లీ తిరిగాయి. కారణం లేదు కాబట్టి దొరకలేదు. నూర్జహాన్ నా మోచెయ్యి గిల్లి, "ఏందమ్మా, ఏం వెతుకుతున్నాడు?" అని గుసగుసగా అడిగింది. "మన్నించకపోవడానికి కారణం" అన్నాను. "అది మనం ఇచ్చాం గదా, కట్టగట్టి" అంది.

పదిహేను నిమిషాల్లో అయిపోయింది. తిరస్కరణ కొట్టేశారు. పందొమ్మిది రోజుల ఆలస్యం మన్నించారు. బాకీ ఉన్న రిటర్నులు వేయించుకుని రిజిస్ట్రేషన్ తిరిగి ఇవ్వమన్నారు. నా నిర్లక్ష్యం గురించి జడ్జి గారు ఒక్క మాట మాత్రం అన్నారు, ఇంత వివరంగా తప్పు ఒప్పుకున్న పిటిషన్‌ను చదవకుండా తోసేయడం తమకు అర్థం కాలేదని. ఆ మాట నేను పుస్తకంలో రాసుకోలేదు. గుర్తుంది.

సెప్టెంబరు రెండున నంబరు బతికింది.

ఇప్పుడు లెక్క చూడండి. లారీ ఆగిన రోజు నుంచి ఆ రోజుకు రెండు వందల మూడు రోజులు. ఒక ఆడమనిషి పందొమ్మిది రోజులు ఆలస్యమైందని తలుపు వేసిన వ్యవస్థ, ఆ తలుపు మళ్లీ తెరవడానికి తీసుకున్న సమయమిది. దీన్ని మన్నించమని ఎవరూ ఎవరినీ అడగలేదు. ఈ ఆలస్యానికి పిటిషన్ లేదు, కారణం అక్కర్లేదు, ప్రతి రోజుకూ లెక్క చెప్పాల్సిన పని లేదు. పదహారు లోడ్ల పని మార్చిలోనే ఇంకొకరికి పోయింది. ఎనిమిది మంది పనివాళ్లలో ఐదుగురు కృష్ణ దాటి అవతలి రాళ్ల యూనిట్లకు వెళ్లిపోయారు. కోర్టు ఆర్డరు నంబరును తెచ్చింది. వాళ్లను తేలేదు. గెలిచామని నాకు ఫోన్ చేసి అభినందించిన వాళ్లందరికీ ఈ మాటే చెప్పాను.

పగిలిన బండ

యూనిట్ తెరిచిన వారానికి మాచర్ల వెళ్లాను. మిషను ఒకటే తిరుగుతోంది. గుమ్మం పక్కన ఒక నాపరాయి నిలబెట్టి ఉంది. దాని మీద ఎర్ర సుద్దతో తేదీలు. ఆమె ఫోన్‌కు పన్ను ఆఫీసు నుంచి వచ్చిన ప్రతి మెసేజీ ఏ రోజు వచ్చిందో అక్కడ రాస్తోంది. నా గుండుసూదికి ఆమె రాయి.

"మీ మీద కోపం లేదని చెప్పను లాయరమ్మా" అంది, టీ గ్లాసు నా చేతికిస్తూ. "ఉంది. ఐదుగురు పోయారు. ఖాజా అయితే పదేళ్ల నుంచి ఉన్నాడు."

"ఉండాల్సిందేలే."

"కానీ మేం రాళ్లోళ్లం. పగిలిన బండను పగిలిందనే చెప్పి అమ్ముతాం. చెప్పకుండా అమ్మినోడి కాడ మళ్లీ ఎవరూ కొనరు. మీరు చెప్పారు. ఇంకెవరూ చెప్పలా."

నేను టీ తాగాను.

తొంభై రెండు రోజులు

లారీ ఆగిన వారంలోనే అరవై ఒక్క ఫైళ్లూ తిరగేశాను, సిమ్ము ఆపినప్పుడే తిరగేయాల్సిన పని. యాభై ఎనిమిది మంది ఎప్పుడో నంబరు మార్చుకున్నారు. నూర్జహాన్ ఒకరు. సత్తెనపల్లి టైర్ల షాపు ఒకటి, వెళ్లి మార్పించాను. మూడోది పిడుగురాళ్ల దగ్గర సున్నం బట్టీ. రెండుసార్లు వెళ్లాను. బట్టీ మూతపడి ఉంది. యజమాని ఎక్కడికో వెళ్లాడన్నారు, ఫోన్ మోగలేదు.

అక్టోబరు ఎనిమిదిన, మధ్యాహ్నం భోజనం చేస్తుంటే ఫోన్ వచ్చింది. తెరమీద నా పాత నంబరే.

"పెద్దమ్మా, మేకల సుబ్బయ్యను. మళ్లీ వచ్చింది ఒకటి. డిలీట్ కొట్టలా. మా కోడలు చదువుద్ది, రాసుకో."

చెయ్యి కడుక్కుని పుస్తకం తెచ్చుకున్నాను. కోడలు అంకెలు ఒక్కొక్కటే చదివింది. మూడు, ఏడు, ఆ తర్వాత అక్షరాలు. సగంలోనే నాకు అర్థమైంది. సున్నం బట్టీ.

"తర్వాత ఇంగ్లీషులో ఏముందమ్మా? నిదానంగా చదువు."

"ఓ... ఆర్... డి... ఈ... ఆర్..."

"చాలు. ఎప్పుడొచ్చింది ఇది?"

ఫోన్ మళ్లీ సుబ్బయ్య తీసుకున్నాడు. "ఇయ్యాలే, పొద్దున పదింటికి. ఏం పెద్దమ్మా, ఇది కూడా మేకలు అని రాయాల్నా?"

"అక్కర్లేదు నాయనా. అప్పీలుకు ఇంకా తొంభై రెండు రోజులున్నాయి."

తేదీ రాసి, కింద గీత గీశాను. మర్నాడు పొద్దున్నే పిడుగురాళ్ల బస్సెక్కాను.